గుర్చెంకో వాళ్ళ నాన్న మాట

మాస్కోలో మా ఇంటి దగ్గరి షాపులో, చేపల కౌంటర్ ముందు జరిగింది ఇది. రష్యన్‌లో చేపను 'రీబా' అంటారు గానీ ఆ 'రీ' మన 'రీ' కాదు. నాలుకను వెనక్కి లాగి పలకాలి. తెలుగులో ఆ అచ్చే లేదు. పదకొండేళ్ళుగా ఇక్కడున్నా నా నోటికి అది పట్టుబడలేదు. అమ్మే ఆవిడ రెండుసార్లు "ఏంటీ?" అంది. నేను మళ్ళీ నోరు తెరిచేలోపే మా తొమ్మిదేళ్ళ పాప ముందుకొచ్చి తనే అడిగేసింది. బయటికొచ్చాక, "నాన్నా, ఇకనుంచి నువ్వు మాట్లాడకు, నేను మాట్లాడతాలే" అంది. ప్రేమగానే అంది. కానీ చుట్టూ చూసి, గొంతు తగ్గించి అంది. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

ఆ వారమే కొత్త సంవత్సరం. ఆ రోజుల్లో ఇక్కడి టీవీలో 'కార్నివాల్ రాత్రి' అనే పాత సినిమా తప్పకుండా వేస్తారు. 1956లో ఎల్దార్ ర్యజానోవ్ తీశాడు. సన్నటి నడుముతో, గడియారం ముందు నిలబడి 'ఐదు నిమిషాలు' అని పాడే అమ్మాయి ల్యుద్మీలా గుర్చెంకో. అప్పటికి ఆమెకు ఇరవై ఒక్కేళ్ళు. ఆ ఒక్క సినిమాతో దేశమంతా ఆమె పేరు మారుమోగింది. పాప సోఫాలో కూర్చుని ఆ పాటను తనూ పాడుతోంది. నేను మాత్రం ఆమె గురించి చదివిన ఇంకో సంగతి తలుచుకుంటున్నాను.

గుర్చెంకో పుట్టింది 1935లో, ఉక్రెయిన్‌లోని ఖార్కోవ్‌లో. వాళ్ళ నాన్న మార్క్ గవ్రీలోవిచ్ బయాన్ వాయించేవాడు. బయాన్ అంటే మన హార్మోనియంలా తిత్తి ఉండి, భుజాలకు తగిలించుకుని వాయించేది. ఇంటికెవరు వచ్చినా కూతురి చేత పాడించి మురిసిపోయేవాడు. యుద్ధం వచ్చి ఆయన సైన్యంలోకి వెళ్ళిపోతే, తల్లీకూతుళ్ళు జర్మన్ల చేతిలో ఉన్న ఊళ్ళో ఆకలితో బతికారు. తర్వాత ఆ పిల్ల నటి కావాలని మాస్కో సినిమా విద్యాసంస్థలో చేరింది. అక్కడ ముందు వదిలించుకోవాల్సి వచ్చింది తన ఊరి యాసనే. అటువైపు వాళ్ళు 'గ'ని 'హ'లా పలుకుతారు. ఊరిని 'గోరద్' అనకుండా 'హోరద్' అంటారు. తెర మీద అది కుదరదు. పట్టుబట్టి మార్చుకుంది.

కానీ పేరొచ్చిన మరుసటి ఏడాదే, అనుమతి లేని కచేరీల్లో డబ్బులు తీసుకుందని పత్రికలో ఉతికేశారు. ఆ తర్వాత పదేళ్ళకు పైగా చెప్పుకోదగ్గ వేషాలు దాదాపు లేవు. 1973లో 'పాత గోడలు'లో నేత మిల్లు డైరెక్టర్‌గా కనిపించేదాకా ఆమెను పాటల అమ్మాయిగానే చూశారు. 1982లో 'ఇద్దరి కోసం ఒక స్టేషన్'. అందులో రైల్వే స్టేషన్ హోటల్లో వడ్డించే వేరాగా ఆమెను చూస్తుంటే నాకు తెనాలి స్టేషన్ గుర్తొస్తుంది. 2011లో ఆమె పోయింది.

నన్ను కదిలించింది మాత్రం ఆమె సినిమాల కన్నా, బాల్యం గురించి ఆమె రాసిన పుస్తకం. తన నాలుక మీది యాసను చెరిపేసుకున్న మనిషి, అందులో నాన్న మాటల్ని మాత్రం దిద్దలేదు. ఆయన ఎలా పలికేవాడో, ఉక్రేనియన్, రష్యన్ కలగలిపి ఎలా మాట్లాడేవాడో అక్షరం అక్షరం అలాగే రాసింది. లక్షల మంది చదివారు.

పాపకూ ఈ బాధ తెలియనిది కాదు. ఫోన్లో నానమ్మతో 'కళ్ళు నొప్పి' అనబోయి 'కల్లు నొప్పి' అంది. వెనకాల బంధువులు పగలబడి నవ్వారు. ఆ తర్వాత రెండు వారాలు ఫోన్ దగ్గరికి రాలేదు. ఇద్దరం చెరో వైపు అదే దెబ్బ తిన్నాం. నేనే ముందు చూడలేకపోయాను. నవ్వొద్దని అమ్మకు చెప్పాను. అమ్మ ఆ ఒక్క మాటతోనే అర్థం చేసుకుంది.

మొన్న ఆ పుస్తకం తీసి, వాళ్ళ నాన్న మాట్లాడే పేజీ పాప చేత చదివించాను. రెండు వాక్యాలు చదివి ఆగింది.

"వాళ్ళ నాన్న కూడా తప్పు మాట్లాడతాడా?"

"తప్పు కాదమ్మా. అది వాళ్ళ ఊరి మాట."

కాసేపు పేజీ వైపే చూసింది.

"మరి నువ్వు చేపను అనేది, అది ఏ ఊరి మాట?"

"తెనాలి" అన్నాను.