కాలికి చీము, చేతికి పట్టీ

ఆటోనగర్‌లో లేత్ మీద పని చేసేవాడికి ఇనుప రజను గుచ్చుకోవడం కొత్తేమీ కాదు. ఈసారి పిక్కలో దిగిన ముక్క మాత్రం, తీసేసినా ఊరుకోలేదు. కాలు ఎర్రగా ఉబ్బి, ముట్టుకుంటే కాలిపోయేది. రాత్రి వణుకుతో జ్వరం. నాకు షుగర్ ఉందని తెలిసిన గాజువాక డాక్టరు గారు "సెల్యులైటిస్, అంటే చర్మం కింద ఇన్‌ఫెక్షన్, ఇక్కడ కుదరదు" అని విశాఖ ఊళ్లో ఆసుపత్రికి పంపేశారు. అక్కడ కోసి చీము తీశారు. మత్తులో ఉన్నాను కాబట్టి దాని గురించి చెప్పడానికేం లేదు.

వార్డులో మొదట చిరాకేసింది. మందు తెచ్చిన ప్రతిసారీ సిస్టర్ "పేరేటండి?" అని అడిగేది. పొద్దున్న అడిగింది, మధ్యాహ్నం మళ్లీ అడిగింది. చెప్పాక చేతి పట్టీ మీద పేరు, నంబరు చార్టుతో కలిపి చూసేది. సల్ఫా మందులు పడవని చెప్పినందుకు ఎర్ర పట్టీ ఇంకొకటి కట్టారు. "మీరు అప్పలరాజు గారేనా అని అడిగితే నిద్రమత్తులో ఎవరైనా ఊఁ అంటారు బాబాయ్. అందుకే మీ నోటితోనే చెప్పిస్తాం" అంది. పక్క వార్డులో నిజంగానే ఇద్దరు అప్పలరాజులున్నారు. విశాఖలో ఆశ్చర్యమేముంది!

చీము పరీక్ష వచ్చాక వాంకోమైసిన్ అనే యాంటీబయాటిక్ నరంలోకి ఎక్కించడం మొదలుపెట్టారు. బాటిల్ ఎంతకీ అవ్వట్లేదని మా బావమరిది గొట్టం మీది చక్రం తిప్పబోతే సిస్టర్ పరిగెత్తుకొచ్చింది. కనీసం గంట పట్టాలట. తొందరగా ఎక్కిస్తే ఒళ్లంతా ఎర్రబడి దురద వస్తుంది, బీపీ పడిపోవచ్చు.

ఇన్సులిన్ అయితే ఒకరు సిరంజిలోకి లాగాక, ఏ గీత దాకా ఉందో రెండో సిస్టర్ చూసి సరే అనాలి. ఒక సాయంత్రం నాకు చెమటలు పట్టాయి. షుగర్ 66కి పడిపోయింది. సిస్టర్ ఇన్సులిన్ వెయ్యలేదు, గ్లూకోజు నీళ్లు తాగించింది. ఫోన్లో డాక్టరు చెప్పింది రాసుకుని, ఆయనకే తిరిగి చదివి వినిపించింది. చార్టులో "ఇవ్వలేదు" అని, టైము, రీడింగు, కారణం రాసింది. ఖాళీగా వదిలేస్తే నైట్ డ్యూటీ వాళ్లు మర్చిపోయారనుకుని వేసేస్తారట. వేసే మందుకైనా, అది వేశాకే చార్టులో సంతకం పెట్టేది. "ముందే పెట్టేసుకోవచ్చు కదమ్మా" అని బావమరిది అంటే, "ఈలోగా మీ బావగారు మందు వద్దంటేనో?" అని నవ్వింది. అందరూ ఆవిడలా లేరులెండి. ట్యాబ్లెట్లు బల్ల మీద పెట్టి వెళ్లిపోయినవాళ్లూ ఉన్నారు. మింగేదాకా నిలబడింది మాత్రం ఈవిడే.

ఇంటికి పంపేముందు మా ఆవిడకి సీసా, సిరంజి చూపించింది. ఎమ్ఎల్‌కి 40 యూనిట్ల సీసాకి ఎర్రమూత సిరంజి, 100 యూనిట్ల దానికి నారింజమూత. 100 సీసాలోంచి 40 సిరంజితో 10 గీత దాకా లాగితే 25 యూనిట్లు వెళ్లిపోతాయి. 40 సీసాలోంచి 100 సిరంజితో అయితే 4 మాత్రమే.

పుండు మానడానికి చాలా రోజులు పట్టింది. ఈమధ్య గాజువాకలో మందుల షాపు కుర్రాడు నా 40 సీసాకి నారింజమూత సిరంజిలిచ్చాడు. "ఏదైనా ఒకటేనండి" అన్నాడట. మా ఆవిడ సీసా మీద అంకె వాడి చేతే చదివించి, మార్పించుకునే వచ్చింది.