మాట కింద వేలు

అటక మీది పెట్టెలో నా చిన్నప్పటి ‘స్టోరీ టెల్లర్’ సంచికలు దొరికాయి, క్యాసెట్లతో సహా. మార్షల్ కావెండిష్ వాళ్లు 1982లో బ్రిటన్‌లో మొదలుపెట్టిన పిల్లల కథల పత్రిక ఇది. పదిహేను రోజులకో సంచిక, దాంతోపాటే ఒక క్యాసెట్. చదవడం సరిగా రాని రోజుల్లో నాకు పుస్తకం మీద ప్రేమ పుట్టించింది ఆ గొంతులే.

ఒక క్యాసెట్‌లో మాట నూతిలోంచి వచ్చినట్టు వినిపించింది. ప్రాణం ఉసూరుమంది. విప్పి చూస్తే టేప్ బాగానే ఉంది, దాన్ని ప్లేయర్‌లో శబ్దాన్ని చదివే హెడ్‌కి ఆనించి ఉంచే చిన్న ఫెల్ట్ ముక్క ఊడిపోయింది, అంతే. పాడైపోయిన ఇంకో క్యాసెట్‌లోది తీసి పెట్టాను. ప్లే చేసేముందు టేపుని ఒకసారి చివరిదాకా తిప్పి మళ్లీ వెనక్కి చుట్టాను. ఏళ్ల తరబడి కదలని టేప్‌కి ఇది చెయ్యాలి, మర్చిపోవద్దు.

ఇప్పుడు ఒక్కోటీ కంప్యూటర్‌లోకి ఎక్కిస్తున్నాను. అరగంట టేప్‌కి అరగంట కూర్చోవాల్సిందే. నాకదే ఇష్టం. మా పాప పక్కన చేరి, సంచికలో వినిపించే మాట కింద వేలు జరుపుతుంది. పెద్ద మాట వస్తే వేలు వెనకబడుతుంది, మళ్లీ పరిగెత్తి అందుకుంటుంది. నిన్న రాక్షసుడి గొంతు రాగానే వేలు ఆగిపోయింది. రెండో చేత్తో నా చెయ్యి గట్టిగా పట్టుకుంది.