జేబు కుడివైపున ఉన్న ఫోటో

చిత్తూరులోని మా ఇంటి వసారాలో వేలాడే తాత ఫోటోలో చొక్కా జేబు కుడివైపున ఉంటుంది. స్టూడియోలో నెగెటివును తిరగేసి ప్రింటు వేశారు. మొన్న దాని దుమ్ము తుడుస్తుండగా నాకు అమెరికాలో పేరుమోసిన బందిపోటు బిల్లీ ది కిడ్ గుర్తుకు వచ్చాడు.

ఇనుపరేకు మీద నేరుగా పడిన అతని ఫోటోలో, అద్దంలో వలె కుడి ఎడమలు తారుమారు కావడంతో, నడుముకున్న పిస్తోలు ఎడమవైపున కనిపించి, అతడు ఎడమచేతివాటం వాడన్న ప్రచారం దశాబ్దాల పాటు సాగింది. గుట్టు విప్పింది చేతిలోని వించెస్టరు తుపాకి: 1873 నమూనాలో తూటాలు ఎక్కించే సందు కుడిపక్కన ఉండాలి, ఫోటోలో ఎడమపక్కన ఉంది.

1881 ఏప్రిల్ 28న లింకన్ పట్టణంలో ఇద్దరు కాపలాదారులను చంపి, ఉరిశిక్షను తప్పించుకొని పారిపోయిన బిల్లీని, జూలై 14 రాత్రి ఫోర్ట్ సమ్నర్‌లో షెరీఫ్ పాట్ గారెట్ కాల్చి చంపాడు. ఎదురెదురుగా నిలబడి తలపడ్డారనుకుంటాము గాని, అది ఒక పడకగది, చీకట్లో మనిషి అలికిడి విని బిల్లీ స్పానిష్‌లో “ఎవరది?” అని అడిగాడు. ఆ గొంతును గుర్తుపట్టి గారెట్ కాల్చాడు. ఇందులో నాకు వీరత్వమేమీ కనిపించదు.

తాత ఫోటోను మాత్రం తిరగేసి ప్రింటు వేయించడానికి జేజి ఒప్పుకోవడం లేదు.