అసలు కంటే వడ్డీ ముద్దు, బ్యాంకుకి

ఇల్లు ఎంత పడింది అని అడిగితే హైదరాబాద్‌లో ఎవరైనా ఎస్‌ఎఫ్‌టీ (చదరపు అడుగు) రేటుతో మొదలుపెడతారు. లోను సంగతి అడిగితే ఈఎంఐ చెప్తారు. ఈ రెండూ విన్నా ఇల్లు నిజంగా ఎంత పడుతుందో తెలియదు, ఎందుకంటే లోను మీద కొన్న ఇంటి ఖరీదు తేలేది ఎన్నేళ్లు కడతామన్న దగ్గర. బిల్డర్ ఆఫీసులో గంటలకొద్దీ బేరమాడి ఎస్‌ఎఫ్‌టీకి ఓ వంద రూపాయలు తగ్గించుకుని మురిసిపోయినవాళ్లే, బ్యాంకులో "20 ఏళ్లు పెట్టమంటారా, 30 పెట్టమంటారా సార్" అనగానే "30 పెట్టేయండి, ఈఎంఐ తగ్గుతుంది కదా" అనేస్తారు. 1,250 ఎస్‌ఎఫ్‌టీ ఫ్లాటుకి వంద తగ్గితే మిగిలేది లక్షా పాతిక వేలు. బ్యాంకులో ఆ ఒక్క మాటకి పోయేది, 60 లక్షల లోను అయితే, 41 లక్షలు.

లెక్క చూపిస్తాను. 60 లక్షలు, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్లు. ఈఎంఐ సుమారు 52,070. మొత్తం 240 నెలలు కడితే అయ్యేది కోటీ 25 లక్షలు, అంటే తీసుకున్న 60కి వడ్డీయే ఇంకో 65. అదే 30 ఏళ్లు పెట్టుకుంటే ఈఎంఐ 46,135కి దిగుతుంది. నెలకి ఆరు వేలు కూడా తగ్గలేదు చూడండి, కానీ మొత్తం కట్టేది కోటీ 66 లక్షలకి పోతుంది. నెలకి ఆరు వేల ఊరట కోసం ఇంకో పదేళ్లు జీతంలోంచి కోత పెట్టించుకోవడం అన్నమాట.

మా పిన్ని కొడుకు బాచుపల్లి వైపు ఓ ఫ్లాట్ చూసుకుని, ఆదివారం భోజనాలయ్యాక కాస్ట్ షీట్ తెచ్చి టేబుల్ మీద పరిచాడు. "అక్కా, అన్నీ కలిపి 75 లక్షలు, 60 లోను వస్తుంది, మిగతా 15 నా దగ్గరున్నాయి, ఇంకేంటి సమస్య" అన్నాడు. షీటులో ఫ్లోర్ రైజ్ (పై అంతస్తుకి పోయేకొద్దీ పెంచే రేటు), ఈస్ట్ ఫేసింగ్‌కి వేరే రేటు, కార్ పార్కింగ్, క్లబ్‌హౌస్, కరెంటు-నీళ్ల కనెక్షన్ ఛార్జీలు, అన్నీ వరసగా రాసున్నాయి. అన్నిటికంటే కింద, చీమ తలకాయంత అక్షరాల్లో "జీఎస్టీ, రిజిస్ట్రేషన్, కార్పస్ ఫండ్ అదనం" అని ఉంది (కార్పస్ ఫండ్ అంటే అపార్ట్‌మెంట్ నిర్వహణ కోసం ఒకేసారి కట్టించుకునే నిధి). వాడు ఆ లైను దాకా రాలేదు. ఎవరూ రారు, పైన టోటల్ కనపడగానే కాగితం మడిచేస్తాం.

ఆ లైను ఖరీదు ఎంతో చూద్దాం. ఇల్లు ఇంకా కడుతున్నారు కాబట్టి 5 శాతం జీఎస్టీ, 3 లక్షల 75 వేలు. ఓసీ (కట్టడం పూర్తయిందని ఇచ్చే ఆక్యుపెన్సీ సర్టిఫికెట్) వచ్చిన ఇల్లయితే ఇది ఉండేది కాదు. తెలంగాణలో స్టాంప్ డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఫీజు కలిపి 2021 జులై నుంచి 7.5 శాతం, అంతకుముందు 6 ఉండేది. డాక్యుమెంటులో 75 లక్షలు చూపిస్తే 5 లక్షల 62 వేలు అక్కడ. ఈ రిజిస్ట్రేషన్ డబ్బుకి బ్యాంకు లోను రాదు. 30 లక్షలు దాటి 75 లక్షల లోపు లోన్లకి ఇంటి విలువలో 80 శాతమే ఇవ్వాలని ఆర్‌బీఐ నియమం, ఆ విలువలో స్టాంప్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ కలపకూడదని కూడా అదే చెప్తుంది. అంటే వాడి దగ్గరున్న 15 లక్షలు డౌన్ పేమెంట్‌కే అయిపోతే మిగతాది పర్సనల్ లోనో, బంగారం మీద లోనో. తర్వాత గ్రిల్స్, ఫ్యాన్లు, కప్‌బోర్డులు, మాడ్యులర్ కిచెన్, ఎంత గీసి గీసి చేయించినా ఆరు లక్షలనుకోండి. ఇవన్నీ, 15 లక్షలు, ఈఎంఐలు కలిపితే 75 లక్షల ఫ్లాట్ కోటీ 55 లక్షలకి తేలింది. ఇందులో కార్పస్ ఫండ్ కలపలేదు. మెయింటెనెన్స్ కూడా లేదు, ఎస్‌ఎఫ్‌టీకి 3 రూపాయలనుకున్నా నెలకి 3,750, ఒక్క రూపాయి పెరక్కపోయినా (పెరక్కుండా ఉంటుందా!) 20 ఏళ్లకి తొమ్మిది లక్షలు. ఏటా కట్టే ఇంటి పన్ను, ఎండాకాలం ట్యాంకర్లు వేరే.

వాడు కాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత "అందరూ కడుతున్నారు కదక్కా" అన్నాడు. నిజమే, అందరూ కడుతున్నారు. నేనూ కడుతున్నాను. కొనొద్దని చెప్పడం నా ఉద్దేశం కాదు, ఏం కడుతున్నామో తెలిసి కట్టాలి అంతే.

అన్నిటికంటే ముఖ్యం, బ్యాంకువాళ్లిచ్చే అమార్టైజేషన్ షెడ్యూలు అనే టేబుల్. ఏ నెల ఈఎంఐలో వడ్డీ ఎంత, అసలు ఎంత, ఇంకా బాకీ ఎంత అని నెలనెలా లెక్క అందులో ఉంటుంది. మనవాళ్లు ఈశాన్యం పెరిగిందా తగ్గిందా అని ముగ్గురు సిద్ధాంతులకి చూపిస్తారు గానీ ఈ టేబుల్‌ని ఒక్కసారి కూడా తెరవరు. తెరిస్తే మొదటి నెల 52,070లో వడ్డీ 42,500, అసలుకి పోయింది 9,570. ఐదేళ్లు ఒక్క నెలా తప్పకుండా కట్టి, అంటే 31 లక్షల పైచిలుకు కట్టి చూసుకుంటే, ఇంకా బాకీ 52 లక్షల 88 వేలు. పదేళ్లయ్యేసరికి తీసుకున్న 60 కంటే ఎక్కువే, 62 లక్షలకి పైగా కట్టేసి ఉంటారు, బాకీ ఇంకా 42 లక్షలు. అసలు సగానికి రావడానికి దాదాపు 14 ఏళ్లు. ఐదేళ్ల తర్వాత ఫ్లాట్ 90కి అమ్మి 15 లక్షల లాభం అని లెక్క వేసుకునేవాళ్లు ఆ ఐదేళ్లలో వడ్డీ కింద వెళ్లిపోయిన 24 లక్షలు, రిజిస్ట్రేషన్, జీఎస్టీ ఎక్కడ రాసుకుంటారో నాకు తెలియదు.

ఇందులో మోసం ఏమీ లేదు, బాకీ ఎంతుంటే దాని మీదే వడ్డీ, మొదట్లో బాకీ ఎక్కువ కాబట్టి వడ్డీ ఎక్కువ. కానీ ఇదే లెక్క మనకి పనికొచ్చేలా కూడా తిప్పుకోవచ్చు. మొదటి ఏడాది అవగానే ఓ లక్ష అదనంగా కట్టి ఈఎంఐ అలాగే ఉంచితే, చివర్లో తొమ్మిది ఈఎంఐలు ఎగిరిపోతాయి, దాదాపు 3 లక్షల 80 వేల వడ్డీ మిగులుతుంది. అదే లక్ష 15 ఏళ్ల తర్వాత కడితే మిగిలేది 50 వేల చిల్లర. ఏడాదికి ఒక్క ఈఎంఐ ఎక్కువ కట్టగలిగితే, బోనసో, ఎల్‌ఐసీ మెచ్యూరిటీయో, ఊళ్లో కౌలు డబ్బో ఏదో ఒకటి, 20 ఏళ్ల లోను 16 ఏళ్ల 8 నెలలకి ముగుస్తుంది, వడ్డీలో 12 లక్షల పైన తగ్గుతుంది. ఫ్లోటింగ్ రేటు (ఎప్పటికప్పుడు మారే వడ్డీ) హోమ్ లోన్ మీద ముందే కట్టినందుకు పెనాల్టీ వేయకూడదని ఆర్‌బీఐ 2012లోనే బ్యాంకులకి చెప్పేసింది, కాబట్టి ఆ భయం అక్కర్లేదు. ఒక్కటి మాత్రం జాగ్రత్త. పార్ట్ పేమెంట్ కట్టేటప్పుడు "ఈఎంఐ తగ్గించాలా, గడువు తగ్గించాలా" అని అడుగుతారు, గడువే తగ్గించమని రాసివ్వండి, నోటిమాటతో వదిలేయొద్దు.

ఇక రేట్ల సంగతి. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులిచ్చే కొత్త ఫ్లోటింగ్ హోమ్ లోన్లు బయటి బెంచ్‌మార్క్‌కి, ఎక్కువగా రెపో రేటుకి (ఆర్‌బీఐ బ్యాంకులకి అప్పిచ్చే వడ్డీ రేటు), ముడిపడి ఉంటున్నాయి. 2021లో రెపో 4 శాతం ఉన్నప్పుడు 6.75కి లోను దొరికిందని సంబరపడ్డవాళ్లు ఎందరో. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు రెపో 6.5కి ఎక్కింది. 6.75 దగ్గర 60 లక్షలకి 20 ఏళ్ల ఈఎంఐ 45,622. రేటు 9.25 అయితే అదే 60 లక్షల మీద ఒక నెల వడ్డీయే 46,250. ఈఎంఐ మొత్తం వడ్డీకే చాలదు! బాకీ కాస్త తగ్గినవాళ్లకి కూడా బ్యాంకులు ఈఎంఐ కదపకుండా గడువు సాగదీసుకుంటూ పోయాయి, మా ఆఫీసులో ఒకాయనకి స్టేట్‌మెంట్ తీసి చూస్తే చివరి ఈఎంఐ రిటైరయ్యాక ఎప్పుడో ఉంది. అకౌంటులోంచి కట్ అయ్యే మొత్తం మారలేదు కాబట్టి ఆయనకి అనుమానమే రాలేదు. ఇలాంటివి చూసే 2023 ఆగస్టులో ఆర్‌బీఐ, రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంచెం కొంచెమా అన్నది లోను తీసుకున్నవాళ్లనే అడగాలని, ఫిక్స్‌డ్‌కి మారే అవకాశం కూడా ఇవ్వాలని ఆదేశించింది (ఈ ఫిక్స్‌డ్ అవకాశం ఇవ్వడం 2025 అక్టోబరు నుంచి బ్యాంకుల ఇష్టానికే వదిలేశారు).

2025లో రేట్లు మళ్లీ దిగాయి, ఫిబ్రవరి నుంచి డిసెంబరు లోపు 1.25 శాతం తగ్గి రెపో 5.25కి వచ్చింది. ఇలా దిగినప్పుడు నా సలహా, ఈఎంఐ తగ్గించుకోకండి. అదే 60 లక్షలకి రేటు 8.5 నుంచి 7.5కి వస్తే ఈఎంఐ 48,336 చాలు, కానీ పాత 52,070 కడుతూ పోతే 17 ఏళ్లకే తీరిపోతుంది. పాత లోన్లవాళ్లు ఇంకో పని కూడా చేయాలి, కొత్త కస్టమర్లకి అదే బ్యాంకు ఎంతకి ఇస్తోందో కనుక్కోవడం. చాలాసార్లు మీకంటే అర శాతం తక్కువకి ఇస్తూ ఉంటారు, అడిగితే చిన్న ఫీజు తీసుకుని మారుస్తారు, అడగకపోతే ఎవరూ ఫోన్ చేసి చెప్పరు.

టాక్స్ కలిసొస్తుంది కదా అంటారు. పాత పద్ధతిలో ఉన్నవాళ్లకి సొంతంగా ఉంటున్న ఇంటి వడ్డీలో ఏడాదికి 2 లక్షల వరకే మినహాయింపు, 30 శాతం శ్లాబులో ఉంటే మిగిలేది 62,400. దానికోసం మొదటి ఏడాది కట్టే వడ్డీ 5 లక్షల పైన. కొత్త పద్ధతిలో ఉంటే ఆ 62,400 కూడా లేదు.

"అద్దె కడితే గాలికి పోయినట్టే" అన్నది మా అమ్మ దగ్గర్నుంచి అందరూ చెప్పే మాట. ఆ ఫ్లాటుకి అద్దె 24 వేలు అనుకుంటే, మొదటి నెల వడ్డీ 42,500, అది మాత్రం ఎటు పోయినట్టు? అయితే అవతలి వైపు కూడా ఒప్పుకోవాలి. అద్దె ఏటా 5 శాతం చొప్పున పెరిగితే 12 ఏళ్లలో 43 వేలు దాటుతుంది, ఈఎంఐ రేటును బట్టి అటూ ఇటూ అయినా మొత్తం మీద అక్కడే ఉంటుంది. ధరలు ఏడాదికి 6 శాతం పెరిగితే 20 ఏళ్ల తర్వాతి 52 వేలకి ఇవాళ్టి 16 వేల విలువే. ఓనర్ ఖాళీ చేయమంటాడేమోనన్న టెన్షన్ లేకపోవడానికి విలువ ఎంతో నేను కట్టలేను. అందుకే మావాడికి కొనొద్దని చెప్పలేదు, ఇంకో రెండు చోట్ల మాత్రం చూసుకోమన్నాను.

ఒకటి, ప్రీ-ఈఎంఐ. బిల్డింగ్ శ్లాబు పడ్డప్పుడల్లా బ్యాంకు కొంత కొంత విడుదల చేస్తుంది, అప్పటివరకు ఇచ్చిన దాని మీద వడ్డీ మాత్రమే కట్టించుకుంటుంది. 40 లక్షలు విడుదలై బిల్డర్ ఏడాది ఆలస్యం చేస్తే నెలకి 28,333 చొప్పున 3 లక్షల 40 వేలు పోతాయి, అసలులో పైసా తగ్గదు, పక్కన అద్దె మామూలే. వీలైతే మొదటి నుంచే పూర్తి ఈఎంఐ పెట్టమని అడగొచ్చు, చాలా బ్యాంకులు ఒప్పుకుంటాయి.

రెండోది లోనుతో అంటగట్టే ఇన్సూరెన్సు. "తప్పనిసరి మేడమ్" అంటూ రెండు లక్షల ప్రీమియం లోనులోనే కలిపేస్తారు. తప్పనిసరి ఏమీ కాదు. ఆ రెండు లక్షలకి కూడా 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్లు, మొత్తం 4 లక్షల 17 వేలు. ఇంటికి సంపాదించేవాళ్లకి కవర్ ఉండాల్సిందే, దానికి బయట విడిగా టర్మ్ పాలసీ తీసుకోమన్నాను.

అన్నీ విని వాడు అడిగిన చివరి ప్రశ్న, లోను తీరాక కాగితాలు వెంటనే ఇస్తారా అని. 2023 డిసెంబరు నుంచి 30 రోజుల్లో ఇవ్వాలి, వాళ్ల తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకి 5,000 చొప్పున మనకి కట్టాలి. కాగితాలు చేతికొచ్చాక కూడా ఓ ఈసీ (ఆస్తి మీద తనఖాలు, అమ్మకాలు చూపించే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీయించి అందులో బ్యాంకు తనఖా ఇంకా కనిపిస్తోందేమో చూసుకోవాలి, రేపు అమ్మాల్సి వస్తే కొనేవాళ్ల బ్యాంకు లాయరు మొదట అడిగేది దాన్నే.