వాక్సహాచీ కోర్టు భవనం, మా పిల్లలు

డాలస్‌కు దక్షిణాన సుమారు 30 మైళ్ల దూరంలో, మేముండే ఎల్లిస్ కౌంటీకి (మన జిల్లా లాంటిది) కేంద్రమైన వాక్సహాచీ పట్టణం నడిబొడ్డున పాత కోర్టు భవనం ఉంది. ఎర్ర ఇసుకరాయి, గులాబీ రంగు గ్రానైటు కలిపి, గడియారపు గోపురంతో తొమ్మిది అంతస్తుల ఎత్తున నిర్మించిన ఈ భవనం 1897లో పూర్తయింది. సెలవులకు ఇండియా వెళ్లినప్పుడు వేయి స్తంభాల గుడిని, రామప్పను ఎంత శ్రద్ధగా చూపిస్తామో, పిల్లలు పుట్టి పెరుగుతున్న నేల మీది కట్టడాలనూ అంతే శ్రద్ధగా చూపించాలన్నది నా పట్టుదల.

దీని వాస్తుశిల్పి జేమ్స్ రైలీ గోర్డన్. ఏసీలు లేని కాలంలో టెక్సాస్ ఎండను తట్టుకోవడానికి ఆయన చేసిన ఏర్పాటే నాకు అన్నిటికన్నా గొప్పగా తోస్తుంది. భవనాన్ని సిలువ ఆకారంలో నాలుగు రెక్కలుగా కట్టి, ఆ రెక్కల మధ్య మూలల్లో నీడనిచ్చే వసారాలతో ద్వారాలు పెట్టి, నడుమనున్న మెట్ల మార్గాన్ని గోపురం వైపు తెరిచి ఉంచాడు. వేడెక్కిన గాలి పైకి లేచి గోపురం గుండా పోతుంటే, నీడపట్టున ఉన్న గాలి లోపలికి వస్తుంది. గోదావరి జిల్లాలో మా తాతగారి మండువా లోగిలిలో మధ్యాహ్నాలు గడిపిన మా అబ్బాయికి ఈ సంగతి నేను విడమరిచి చెప్పవలసిన అవసరం కలగలేదు.

అమ్మాయి దృష్టి మాత్రం వసారా స్తంభాల మీద చెక్కిన ముఖాలపై నిలిచింది. హ్యారీ హెర్లీ అనే శిల్పి తాను బస చేసిన ఇంటి అమ్మాయి మేబుల్ ఫ్రేమ్‌ను ప్రేమించి, ఆమె నిరాకరించిన కొద్దీ ఆ ముఖాన్ని వికారంగా చెక్కుతూ పోయాడని ఊళ్లో చెప్పుకుంటారు. చరిత్రకారులు దీన్ని కట్టుకథగానే చూస్తారు. కథ అందంగా ఉన్నంత మాత్రాన నిజం కాదని, నిజం కాకపోయినా ఊరివాళ్లు దాన్ని ఎందుకు కాపాడుకుంటారో తెలుసుకోవాలని పిల్లలకు చెప్పడానికి ఇంతకంటె మంచి సందర్భం దొరకదు.

1999లో రాష్ట్ర ప్రభుత్వం పాత కోర్టు భవనాల పునరుద్ధరణకు పథకం పెట్టింది. దాని సాయంతో ఈ భవనాన్నీ బాగుచేశారు.

ఇక్కడ ఆడవాళ్లు కూడా తీర్పు చెప్పేవారా అని అమ్మాయి అడిగింది. టెక్సాస్‌లో స్త్రీలకు జ్యూరీలో, అంటే కేసు విని తీర్పు చెప్పే సాధారణ పౌరుల బృందంలో, కూర్చునే హక్కు 1954లో జరిగిన రాజ్యాంగ సవరణతో గాని రాలేదని, అప్పటికి ఈ భవనానికి 57 ఏళ్లు నిండాయని చెప్పాను. పౌరసత్వం రానంత వరకు ఆ అవకాశం మాకూ లేదు. ఇక్కడే పుట్టిన వాళ్లిద్దరికి మాత్రం 18 ఏళ్లు నిండాక కౌంటీ నుంచి పిలుపు రావచ్చు. ఇదే గోర్డన్ దాదాపు ఇదే నమూనాలో కట్టిన వైజ్ కౌంటీ కోర్టు డెకేటర్‌లో ఉంది. రెండింటినీ పోల్చి చూడాలని పిల్లలు అడుగుతున్నారు గనుక మా తరువాతి ప్రయాణం అక్కడికే.