అమ్మమ్మకి దుబాసి

మా అమ్మ తెనాలి నుంచి సింగపూర్ వచ్చినప్పుడల్లా ఇంట్లో ఒకటే వరస. అమ్మ తెలుగులో అడుగుతుంది, మా పాప ఇంగ్లీషులో చెబుతుంది, వంటింట్లోంచి నేను అటు మాట ఇటు, ఇటు మాట అటు అందిస్తుంటాను. పాపకి 11 ఏళ్ళు. తెలుగు రాక కాదు. మనం ఎంత గబగబా మాట్లాడుకున్నా అర్థం చేసుకుంటుంది. తిరిగి పలకాలంటేనే నోరు పెగలదు.

ఇక్కడ బడిలో మాతృభాష అని ఒక సబ్జెక్టు ఉంది. మనవాళ్ళ పిల్లలకి తమిళం, హిందీ, బెంగాలీ, గుజరాతీ, పంజాబీ, ఉర్దూ ఉన్నాయి. తెలుగు లేదు. అందుకని కాగితం మీద మా పాప మాతృభాష హిందీ. ఒకటో తరగతిలో చేర్పించేటప్పుడు ఆ గడి నింపుతుంటే నాకు మనసు కలుక్కుమంది. అప్పట్నుంచి ఆదివారం పొద్దున గుణింతాలు, రాత్రి పడుకోబోయే ముందు భారతం. నాకో పంతం కూడా ఉండేది: ప్రశ్న తెలుగులో అడిగితేనే కథ ముందుకు సాగుతుంది. ఆ పంతానికి పాప ప్రశ్నలడగడమే మానేసింది. అది నేను గమనించేసరికి భారతం విరాటపర్వం దాకా వచ్చేసింది. అక్కడే ఆపేశాను.

మొన్న డిసెంబరు సెలవుల్లో అమ్మనీ పిల్లలిద్దరినీ తీసుకుని కంబోడియా వెళ్ళాను. మావారికి సెలవు దొరకలేదు. రెండు రోజులు ఆంకోర్ వాట్, బాయన్, తా ప్రోమ్ తిరిగాం. అమ్మకి అన్నీ నచ్చాయి గానీ ఆ జనం నచ్చలేదు. "ఒక్క గుడైనా నిమ్మళంగా చూపించవే," అంది. అందుకే మూడో రోజు గైడ్‌ని, వ్యాన్‌ని మాట్లాడుకుని, అడవిలో పాత గుళ్ళున్న కో కేర్ బయల్దేరాం. మేం దిగిన సియెమ్ రీప్‌కి ఈశాన్యంగా 120 కిలోమీటర్ల దాకా ఉంటుంది. పొద్దున్నే బయల్దేరితే చీకటి పడేలోపు తిరిగి రావచ్చు. ఆంకోర్ టికెట్టు అక్కడ చెల్లదు, వేరే కొనుక్కోవాలి.

వ్యాన్‌లో మేం కూర్చున్న తీరు వల్లే ఇదంతా జరిగింది. మావాడికి ఆరేళ్ళు, బండెక్కితే కడుపులో తిప్పుతుంది, వాణ్ణి ఒళ్ళో పడుకోబెట్టుకుని నేను వెనక సీట్లో ఉన్నాను. మధ్య సీట్లో అమ్మ, పాప. ముందు డ్రైవరు పక్కన గైడ్. ముప్పై దాటిన అబ్బాయి, ఇంగ్లీషు చక్కగా మాట్లాడతాడు. అమ్మకి ఇంగ్లీషు రాదు. అతను చెప్పేది ఇంజను మోతలో వెనక్కి నాకు వినపడదు. ఇక మిగిలింది పాప.

మొదట తాటిచెట్ల దగ్గర మొదలైంది. సియెమ్ రీప్ దాటగానే రెండు పక్కలా వరి మళ్ళు, గట్ల మీద తాటిచెట్లు. "ఇది మన దుగ్గిరాల రోడ్డే గదా," అని అమ్మ కిటికీకి అతుక్కుపోయింది. తాటిచెట్టు కంబోడియాకి జాతీయ వృక్షం. దారి పక్కన తాటాకు పందిళ్ళ కింద పెద్ద పెద్ద మూకుళ్ళలో తాటి నీరా కాచి బెల్లం చేస్తున్నారు, బిళ్ళలు తాటాకులోనే చుట్టి అమ్ముతున్నారు. బండి ఆపించాం. అమ్మ ఒక బిళ్ళ కొరికి, "ముంజెలు తింటారా వీళ్ళు? అడుగు," అంది. పాప నా వైపు చూసింది. నేను మావాడి నుదురు తడి గుడ్డతో తుడుస్తున్నాను. ఒక్క క్షణం ఆగి తనే అడిగింది. తింటారట. "తింటారంట అమ్మమ్మా," అంది. మామూలుగా అయితే 'యెస్' అనేసి ఊరుకునేది.

ఆ తర్వాత ఆగలేదు. రోడ్డు పక్క బోర్డుల మీద అక్షరాలు చూసి అమ్మ, "మన రాతలాగే గుండ్రంగా ఉందే," అంది. వాళ్ళ ఖ్మేర్ లిపి పల్లవుల నాటి లిపి నుంచి పుట్టింది, దానికీ మనదానికీ మూలం బ్రాహ్మే. గైడ్ నోట్‌బుక్ తీసి క, ఖ, గ, ఘ, ఙ వరసలోనే తమ అక్షరాలు రాసి చూపించాడు. అక్షరం నెత్తిన ఉండే గీతని వాళ్ళు 'సాక్' అంటారు, జుట్టు అని అర్థం. కింద రాసే ఒత్తుని 'చేంగ్' అంటారు, అంటే పాదం. తలకట్టు, ఒత్తు! ఆదివారాలు పాపని ఏడిపించేవి ఈ ఒత్తులే. వెనక నుంచి చూస్తున్నాను, తను పెన్ను తీసుకుని అతని అక్షరాల పక్కన మన క, ఖ రాసి, కింద ఒత్తులు తగిలించి, "ఇవి మా పాదాలు," అని చూపిస్తోంది. ఎవరూ రాయమనలేదు.

భాషని 'ఫియాసా' అంటారట, అక్షరాన్ని 'అక్సార్', గురువుని 'క్రూ'. నగరం 'నోకోర్' అయింది, ఆంకోర్ అనే పేరు అందులోంచే వచ్చింది. ప్రతి మాటకీ అమ్మ తలాడిస్తూ, "ఇంకోటి అడుగు, ఇంకోటి అడుగు," అనేది.

కో కేర్ చేరేసరికి తొమ్మిదిన్నర. నాలుగో జయవర్మ 928 నుంచి సుమారు 941 దాకా ఇక్కడి నుంచే ఖ్మేర్ రాజ్యాన్ని ఏలాడు. 944 తర్వాత రాజధాని మళ్ళీ ఆంకోర్‌కి మారింది. శాసనాల్లో ఊరి పేర్లు చోక్ గర్గ్యర్, లింగపురం. అంత తక్కువ కాలంలో ఇన్ని గుళ్ళు కట్టి వదిలేస్తే, మిగతా వెయ్యేళ్ళు అడవి వాటిని పెంచుకుంది. ప్రాసాత్ ప్రామ్ అనే గుడిలో ఇటుక గోపురాల మీద చెట్లు కూర్చుని వేళ్ళతో కింది దాకా గట్టిగా పట్టుకున్నాయి. ఆ వేళ్ళు తీసేస్తే గోపురం కూలుతుంది, ఉంచితే మెల్లగా చీలుతుంది. యునెస్కో 2023లో కో కేర్‌ని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. అయినా ఆ రోజు మాతోపాటు అక్కడున్నది ఇంకో రెండు కుటుంబాలే. అమ్మ కోరుకున్న నిమ్మళం దొరికింది.

అక్కడే ఒక భయం కూడా. మావాడు ఒంటికి వెళ్ళాలంటూ చెట్ల వెనక్కి నాలుగడుగులు పరిగెత్తాడు. గైడ్ ఒక్క గెంతులో వెళ్ళి వాడి చొక్కా పట్టుకుని వెనక్కి లాగాడు. అంతసేపూ నవ్వుతూ ఉన్న మనిషి ముఖం తెల్లబోయింది. యుద్ధాల కాలంలో ఈ అడవుల్లో మందుపాతరలు పాతారు. గుళ్ళ చుట్టూ ఏరేశారు గానీ, బాట వదిలి మాత్రం ఎవరూ పోకూడదు. అతను తన ఊళ్ళో పిల్లలకి నడక నేర్పేటప్పుడే ఈ మాట నేర్పుతారని చెప్పాడు. పాప ఇది అమ్మమ్మకి చెప్పడానికి చాలా తడుముకుంది. 'మైన్'కి తెలుగు తనకి తెలియదు. చివరికి, "భూమిలో బాంబు దాచిపెట్టారు, కాలు పెడితే పేలుద్ది," అంది. అమ్మ మనవడి చెయ్యి పట్టుకుంది, చాలాసేపు వదల్లేదు.

ప్రాసాత్ థోమ్ వెనకాల ఏడంతస్తుల పిరమిడ్ ఉంది, 36 మీటర్ల ఎత్తు. ఒకప్పుడు పైన త్రిభువనేశ్వరుడి పేరుతో పెద్ద శివలింగం ఉండేది, ఇప్పుడు లేదు. అమ్మ మోకాళ్ళతో ఆ చెక్క మెట్లు ఎక్కలేదు. "నేను అమ్మమ్మ దగ్గరుంటా," అంది పాప. మావాడూ నేనూ ఎక్కాం. పైనుంచి ఎటు చూసినా అడవే. కింద గడ్డిలో మూడు చిన్న బొమ్మల్లా వాళ్ళు. అమ్మ చెయ్యి ఎత్తి ఏదో చెబుతుంది, పాప గైడ్ వైపు తిరుగుతుంది, అతను చెబుతాడు, పాప మళ్ళీ అమ్మ వైపు. మాటలు ఏవీ వినపడవు. ఆ తల అటూ ఇటూ తిరగడం చూస్తూ నేను చాలాసేపు పైనే నిలబడ్డాను. అయిదేళ్ళ ఆదివారాల్లో నా వల్ల కానిది ఎదురుగా జరుగుతోంది, అందులో నేను లేను. సంతోషమే. ఒక మూల కొంచెం నొప్పి కూడా.

తర్వాత లింగాల గుళ్ళు. పైకప్పు పడిపోయిన చిన్న గదిలో మనిషెత్తు శివలింగం, పానవట్టంతో సహా, ఆకాశం కింద. నీళ్ళు బయటికి పోయే రాతి తూము దగ్గర నిలబడి గైడ్ ఇంగ్లీషులో వివరిస్తూ 'సోమసూత్ర' అన్నాడు. పాప తర్జుమా మొదలుపెట్టేలోపే అమ్మ గబుక్కున తలెత్తింది. "ఏమన్నాడూ? సోమసూత్రమన్నాడా?" ఇక్కడి గుళ్ళ మీద పరిశోధన చేసేవాళ్ళు ఆ తూముని ఆ పేరుతోనే పిలుస్తారు. అమ్మకి కళ్ళు నిండాయి. శివాలయంలో ప్రదక్షిణ చేసేటప్పుడు సోమసూత్రం దాటకూడదని, అక్కడిదాకా వెళ్ళి వెనక్కి తిరగాలని అతనికి చెప్పమంది. పాప చెప్పింది. అతను నోట్‌బుక్‌లో రాసుకున్నాడు.

మధ్యాహ్నం చెట్టు కింద అమ్మ కట్టించిన పులిహోర విప్పాం. అతనికీ పెట్టాం. పులుపు నాలిక్కి తగలగానే, "అంపిల్!" అన్నాడు. చింతపండుకి వాళ్ళ మాట అది. తింటూ తన గురించి చెప్పాడు. 1975 నుంచి 1979 మొదటి దాకా పోల్ పాట్ పాలనలో బళ్ళు లేవు, భిక్షువుల్ని మఠాల్లోంచి తరిమేశారు. అప్పుడు వాళ్ళమ్మ చిన్నపిల్ల. కథలు వినాల్సిన వయసులో ఆమెకి చెప్పేవాళ్ళు ఎవరూ మిగల్లేదు. వాళ్ళ రామాయణం, రియామ్‌కేర్, అతనే పెద్దయ్యాక మఠంలో నేర్చుకుని వెళ్ళి అమ్మకి చెప్పాడట. పాప దీన్ని తెలుగులో చెబుతూ మధ్యలో ఆగి, "వాళ్ళమ్మకి ఈయన చెప్పాడు అమ్మమ్మా, రివర్స్," అంది. అమ్మ అతనికి ఇంకో గరిట పులిహోర వేసింది.

చివరగా ప్రాసాత్ చెన్. చూడ్డానికి అక్కడ పెద్దగా ఏమీ లేదు, నల్లబడిన రాళ్ళు, గడ్డి. కానీ ఒకప్పుడు ఇక్కడ భీమ దుర్యోధనుల గదాయుద్ధం నిలబడి ఉండేది. ఇద్దరూ ఎదురెదురుగా, చుట్టూ చూస్తూ బలరాముడు, పాండవులు. గోడ మీద చెక్కిన బొమ్మలు కావు, విడివిడిగా నిలిపిన నిలువెత్తు విగ్రహాలు. 1972 ప్రాంతంలో, అంతర్యుద్ధం నడుస్తుండగా, దొంగలు వాటిని చీలమండల దగ్గర నరికి తీసుకుపోయారు. పాదాలు మాత్రం పీఠాల మీద ఉండిపోయాయి. దుర్యోధనుడు 2011లో న్యూయార్క్‌లో వేలానికి వచ్చాడు. ఇక్కడ మిగిలిన పాదాలే సాక్ష్యం చెప్పాయి. 2014లో దుర్యోధనుడు, భీముడు, బలరాముడు ముగ్గురూ అమెరికా నుంచి కంబోడియాకి తిరిగొచ్చారు. ఇప్పుడు పాదాలతో సహా రాజధాని ప్నోంపెన్ మ్యూజియంలో ఉన్నారు.

గైడ్ ఫోన్‌లో ఫొటో చూపిస్తే అమ్మ దాన్ని చాలాసేపు పట్టుకుంది. తర్వాత కథ చెప్పడం మొదలుపెట్టింది. చిన్నప్పుడు తెనాలిలో రాత్రి తెల్లవార్లూ నాటకాలు చూసిన మనిషి. మడుగులో దాక్కోవడం దగ్గర్నుంచి అందుకుంది. ఒక్కో వాక్యానికీ ఆగుతుంది, పాప ఇంగ్లీషులో అందిస్తుంది. తొడ మీద కొట్టిన చోటికి వచ్చేసరికి పాప తనే ఆగి అడిగింది, "అమ్మమ్మా, బలరాముడికి కోపం ఎందుకు వచ్చింది? భీముడు మంచివాడే గదా?"

తెలుగులో.

"గదాయుద్ధంలో బొడ్డు కింద కొట్టకూడదే తల్లీ. మంచివాడు కొట్టినా తప్పు తప్పే గదా," అంది అమ్మ. పాప కాసేపు ఏమీ అనలేదు. తర్వాత అది అతనికి చెప్పింది. అతను అదీ నోట్‌బుక్‌లో రాసుకున్నాడు. విరాటపర్వంలో నేను ఆపేసిన కథ అక్కడ, ఆ ఖాళీ రాళ్ళ మధ్య, నేను నోరెత్తకుండానే పూర్తయింది.

తిరుగు ప్రయాణంలో మళ్ళీ అదే వరస సీట్లు. మావాడు నా ఒళ్ళో నిద్రపోయాడు. ఎర్రమట్టి రోడ్డు మీద పొద్దు వాలుతోంది. అమ్మ ఏదో అంది, నాకు బాగానే వినపడింది. అయినా పాప వెనక్కి తిరిగి, సీటు మీద గడ్డం ఆనించి నాకు చెప్పింది.

"అమ్మా, అమ్మమ్మ అడుగుతోంది, ప్నోంపెన్ ఎంత దూరమని. ఆ పాదాలు చూడాలంట."

"సియెమ్ రీప్ నుంచి ఆరు గంటలు పడుతుంది. ఈసారి కుదరదు, ఎల్లుండి మన ఫ్లైట్," అన్నాను.

పాప ముందుకి తిరిగింది.

"ఆరు గంటలంట అమ్మమ్మా. వచ్చే సెలవులకి పులిహోర ఎక్కువ కలుపుకుని వెళ్దాం."