నరసింహుణ్ణి శాంతింపజేసిందెవరు?

ఈరోజంతా గండభేరుండం అనే రెండు తలల పురాణ పక్షితోనే సరిపోయింది. పొద్దున పనులు తెమల్చుకుని కర్ణాటకలోని బేలూరు చెన్నకేశవాలయం ఫోటోలు ముందేసుకున్నాను. ఇక మధ్యాహ్నం దాకా లేవబుద్ధి కాలేదు.

హొయసల రాజు విష్ణువర్ధనుడి కాలంలో, 1117లో వెలిసిన విష్ణుమూర్తి గుడి అది. అక్కడి ఒక శిల్పంలో జింక కొండచిలువకు చిక్కుతుంది. ఆ పైన ఏనుగు, ఏనుగు మీద సింహం, సింహం మీద సగం సింహం, సగం పక్షి అయిన శరభం, ఆ శరభాన్ని చంపుతూ రెండు తలల గండభేరుండం. శైవుల కథలో హిరణ్యకశిపుణ్ణి చంపాక కూడా చల్లారని నరసింహుణ్ణి అణచడానికి శివుడు శరభరూపం ఎత్తాడు. తమిళనాడులో చోళులు కట్టిన దారాసురం శివాలయంలో ఆ శరభమూర్తికి పూజలున్నాయి. వైష్ణవులు ఊరుకోలేదు, ఆ శరభాన్ని ఓడించడానికి నరసింహుడే గండభేరుండమయ్యాడన్నారు. ఎవరి గుడిలో చూస్తే వాళ్ల జంతువుదే పైచేయి!

అయితే ఈ పక్షి ఒక్క పక్షానికే కట్టుబడి ఉందనుకోను. కర్ణాటకలోనే బళ్లిగావిలో 1047లో చాళుక్య సామంతుడు చాముండరాయరసు నిలబెట్టించిన స్తంభం మీద మనిషి ఒళ్లు, రెండు పక్షి తలలతో గండభేరుండం ఉంది. బేలూరు కంటే డెబ్బై ఏళ్లు ముందుది. దాన్ని కొలిచేది మాత్రం భేరుండేశ్వరుడని, ఈశ్వరుడి పేరుతో! విజయనగరంలో అచ్యుతదేవరాయలు (1529-1542) నాణేల మీద వేయించిన పక్షి ముక్కులతో, గోళ్లతో ఏనుగుల్ని పట్టుకుని ఎగురుతుంది. ఎవరూ చూడని పక్షి ఎంత పెద్దదో అంత చిన్న నాణెం మీద చెప్పాలంటే, అందరూ చూసిన ఏనుగును దాని గోళ్లకు తగిలించడం కంటే మంచి ఉపాయం ఏముంటుంది? ఆ పనివాడికి దండం పెట్టాలనిపించింది.

సాయంత్రం పెద్దమ్మ ఫోన్ చేస్తే అడిగాను, నరసింహుడి కోపం ఎట్లా తగ్గిందని.

"చెంచులక్ష్మిని చూశాక తగ్గింది. ఆ మాత్రం తెలీదా నీకు?"

"మరి శరభం సంగతి విన్నావా పెద్దమ్మా?"

"వీరభద్రుడి సంబరంలో కత్తి పట్టుకుని శరభ శరభ, అశ్శరభ శరభ అంటారే, అదేనా?"

అదే. శివుడి ఆజ్ఞతో శరభుడైంది ఆయన అంశ వీరభద్రుడేనని పురాణం చెబుతుంది. నేను పుస్తకాల్లో వెతికే జంతువు పెద్దమ్మ చెవిలో కేకగా బతికే ఉంది! ఆ సంతోషంతో రాత్రి అన్నం కూడా ఆలస్యంగా తిన్నాను.

ఆమె చెప్పిన కథ మీదే ఇప్పుడు నా మనసంతా. శైవులూ వైష్ణవులూ ఒకదాన్ని మించిన మృగాన్ని ఇంకొకటి పుట్టించుకుంటూ పోయారు. అహోబిలం అడవిలో చెంచులు మృగాన్ని కాదు, తమ పిల్లను పంపారు. నరసింహుడు వాళ్లకు అల్లుడు. పార్వేటకు, అంటే స్వామి వేట ఉత్సవానికి, ఉత్సవమూర్తి కనుమనాడు కొండ దిగి, నెలకు పైగా ఊరూరా తిరుగుతాడు. చెంచులు విల్లంబులతో ఎదురొస్తారు. నాకు ఈ ముగింపే అన్నిటికంటే గొప్పగా తోస్తోంది. ఇందులో ఎవరూ ఎవరినీ ఓడించలేదు.

వచ్చే పార్వేటకు వెళ్లాలి. చెంచు పెద్దల్ని కూర్చోబెట్టి అడగాల్సినవి రాసుకుంటున్నాను. పెళ్లికి ముందు ఆయన అడవిలో ఏం తినేవాడంటారు, పిల్లను అడగడానికి ఎవరొచ్చారంటారు, శరభం పేరు వాళ్ల పాటల్లో ఎక్కడైనా వస్తుందా.